వెనిస్‌లో ఆకాశరామన్న పెట్టె

వెనిస్‌లో సిటీ బస్సు అంటే పడవే. ఆ పడవ టికెట్ 9.50 యూరోలు, అదీ 75 నిమిషాలకే. మన లెక్కలో మనిషికి వెయ్యి రూపాయలకి అటూ ఇటూ. మేం నలుగురం. "రూపాయల్లోకి మార్చకండి నాన్నా, మారిస్తే ఇక్కడ మంచినీళ్ళు కూడా తాగలేరు" అని అమ్మాయి మ్యూనిచ్‌లోనే హెచ్చరించింది. జీవితమంతా గవర్నమెంటు ఆఫీసులో ఇతరుల టి.ఏ. బిల్లుల్లో కోతలు పెట్టినవాణ్ణి, మార్చకుండా ఎలా ఉంటాను?

మ్యూనిచ్ నుంచి బ్రెన్నర్ కనుమ మీదుగా రైలు. ఆల్ప్స్ అందం గురించి ఇప్పటికే చాలామంది రాశారు, నేను మాత్రం నిద్రపోయాను. మకాం పక్కనే నేల మీదున్న మెస్త్రేలో. వెనిస్‌లో గది తీసుకోవాలంటే ఆస్తులు రాసివ్వాలి. పగలొచ్చి సాయంత్రానికి పోయేవాళ్ళ మీద 2024 నుంచి కొన్ని రోజుల్లో ప్రవేశ రుసుము పెట్టారు. మెస్త్రే కూడా వెనిస్ మునిసిపాలిటీ కిందకే వస్తుంది కనక మాకు రుసుము లేదు. కానీ లేదని చూపించే క్యూఆర్ కోడ్ మాత్రం ఉండాలట. బస్సులు ఆగే పియాజ్జాలే రోమాలో ఒక కుర్రాడు అల్లుడి ఫోన్ స్కాన్ చేసి, నవ్వి వదిలేశాడు. నాకే ఒళ్ళు మండింది. రాత్రి నేనెక్కడ పడుకున్నానో ఈ ఊరికెందుకు? ఆ చిరాకు మధ్యాహ్నం దాకా పోలేదు. తీరా చూస్తే ఈ ఊరికి ఆ అలవాటు ఇప్పటిది కాదు. ఒకప్పుడు సత్రాలవాళ్ళు, ఇళ్ళు అద్దెకిచ్చేవాళ్ళు తమ దగ్గర దిగిన పరదేశుల వివరాలు అధికారులకి అప్పజెప్పాల్సిందే.

సెయింట్ మార్క్ చర్చి చూశాం. బంగారం, జనం, మెడనొప్పి. మురానో గాజు, బురానో రంగుల ఇళ్ళు మా ఆవిడ వాట్సాప్ స్టేటస్‌లో ఉన్నాయి. నేను రాయాలనుకున్నది డోజ్ (ఒకప్పటి వెనిస్ రాజ్యాధినేత) ప్యాలెస్‌లో మామూలు టికెట్టుకి కనిపించని గదుల గురించి.

దానికి వేరే టికెట్, ముందే బుక్ చేసుకోవాలి, మనిషికి 30 యూరోల పైమాటే. అడిగితే వద్దంటానని అల్లుడు నాకు చెప్పకుండా కొనేశాడు. గైడ్ జలుబు చేసిన అమ్మాయి, వాక్యానికో తుమ్ము. పాలరాయి, బంగారు పూత, మనిషి మీద మనిషి పడేలాంటి పెద్ద పెద్ద బొమ్మలు, ఇవన్నీ ఉన్న భవనంలో ఒక చిన్న తలుపు తీసి లోపలికి తీసుకెళ్ళింది. అంతే, పాలరాయి మాయం. చెక్క గోడలు, చెక్క నేల, తల తగిలే కప్పు, మనిషి పట్టేంత మెట్లు. ఇద్దరు కూర్చుంటే మూడోవాడు నిలబడాల్సిన గదులు. మధ్యధరా సముద్రంలో సగం దీవుల మీద పెత్తనం చేసిన రాజ్యం రహస్యాలు నడిచింది ఈ అరల్లోనా అనిపించింది. మిగతావాళ్ళు నిరాశపడ్డట్టున్నారు. నాకు మాత్రం ప్రాణం లేచొచ్చింది. ఇది మా తాలూకాఫీసు! గోడ పొడుగునా బీరువాలు, వాటి నిండా కాగితాలు ఉండే చోటు.

కుర్చీల లెక్క కూడా మనదే. 1310లో బయమొంతె తియెపొలో అనే ప్రభువు తిరుగుబాటు చేసి ఓడిపోతే, ఆ వ్యవహారం తేల్చడానికి తాత్కాలికంగా 'పదిమంది సభ' వేశారు. తాత్కాలిక ఏర్పాట్ల సంగతి మనకి తెలియనిదా? 1335కల్లా అది శాశ్వతమైపోయి, 1797లో నెపోలియన్ వచ్చేదాకా కదల్లేదు. పేరుకి పదిమంది, కూర్చునేది పదిహేడుమంది: డోజ్, ఆయన సలహాదార్లు ఆరుగురూ కలిపి. ఆ పదిమందీ ప్రభువులే, పదవి ఏడాదే, వెంటనే మళ్ళీ ఎన్నిక కాకూడదు. కింద కాగితం రాసే కార్యదర్శులు మాత్రం ప్రభువులు కారు, కాస్త మంచి కుటుంబాల పౌరులు. వాళ్ళు ఉద్యోగంలో చేరితే ముసలయ్యేదాకా అక్కడే. ఇక అసలు రహస్యం ఎవరి చేతిలో ఉంటుందో నాకు ఎవరూ చెప్పక్కర్లేదు. మా ఆఫీసులో కలెక్టర్లు వస్తుంటారు, పోతుంటారు. ఏ ఫైలు ఏ కట్టలో ఉందో సూపరింటెండెంటుకే తెలుసు.

ఈ భవనంలోనే 16వ శతాబ్దం మొదట్లో జొవాన్ని సోరో అని ఒకాయన పనిచేశాడు. పని ఏమిటంటే ఇతర రాజ్యాల సంకేత లేఖలు విప్పడం. పోపు కూడా తనకి చిక్కిన లేఖల్ని విప్పించుకోవడానికి ఈయనకే పంపేవాడట. ఇంత చేసినా సొంత ఇంటి కన్నం పూడ్చుకోలేకపోయారు. రహస్యాలు బయటికి పొక్కుతున్నాయని 1539లో ముగ్గురు విచారణాధికారుల్ని ప్రత్యేకంగా వేశారు. మరుసటి ఏడాది తురుష్కులతో సంధి. తప్పనిసరైతే గ్రీకు తీరంలోని రెండు కోటలు వదులుకోమని రాయబారికి చాటుగా అధికారమిచ్చారు. రాయబారి ఇస్తాంబుల్‌లో బేరం మొదలెట్టేసరికి అవతలివాళ్ళకి ఆ సంగతి ముందే తెలుసు. రెండు కోటలూ పోయాయి.

ఎవరు చెప్పారు? రెండేళ్ళ తర్వాత 1542లో తేలింది. కావాజ్జా అనే ఇద్దరు అన్నదమ్ములు, కార్యదర్శులే, ఫ్రెంచి రాయబారికి అమ్మేశారు. పట్టుకున్నది ఏ గూఢచారో అనుకునేరు. మధ్యలో ఉత్తరాలు అందించిన అబొందియో అనేవాడి భార్యతో సంబంధం ఉన్న ఒకడు ఆ ఇంట్లో కాగితాలు చూసి తీసుకెళ్ళి ఇచ్చాడు. అబొందియో పారిపోయి ఫ్రెంచి రాయబారి ఇంట్లో దాక్కుంటే, ఆ ఇంటి ముందు ఫిరంగులు పెట్టి బయటికి రప్పించారు. ఉరి తీసింది సెయింట్ మార్క్ చౌకు పక్కన ఇప్పుడు అందరూ సెల్ఫీలు దిగే ఆ రెండు స్తంభాల మధ్యనే. పొద్దున మేమూ అక్కడే దిగాం.

చేతులు వెనక్కి కట్టి తాడుతో పైకి లాగే హింస గది కూడా చూపించారు. వివరాలు రాయను. సీసపు కప్పు కింద, ఆడవాళ్ళ వ్యవహారాలకి పేరుమోసిన కాసనోవాని ఉంచిన కొట్టు దగ్గర మాత్రం బృందమంతా ఆగిపోయింది. 1756లో కప్పు పగలగొట్టుకుని పారిపోయిన కథ గైడ్ తుమ్ములు మాని మరీ చెప్పింది. అసలు కథ తర్వాతది. పద్దెనిమిదేళ్ళకి ఊళ్ళోకి రానిచ్చాక ఆయన ఇదే విచారణాధికారులకి వేగు రాసి బతికాడు. ఆంతోనియో ప్రతోలీని అనే దొంగపేరుతో, నాటకశాలలో ఎవరు అసభ్యంగా ఉన్నారు, ఎవరి దగ్గర బూతు పుస్తకాలున్నాయి అని నివేదికలు. కాసనోవా రాశాడండీ ఇవి! ఉద్యోగం కావాలంటే మనిషి ఏదైనా రాస్తాడు.

తిరిగి మామూలు దారిలోకి వచ్చాక గోడకి కనిపించింది నేను వెతుకుతున్నది. పలక మీద చెక్కిన ముఖం, కనుబొమలు ముడిపడి, అజీర్తి చేసిన పెద్దమనిషిలా ఉంది. నోరు ఒక సన్నని చీలిక, మడిచిన కాగితం దూరేంత. అవతలి వైపు గదిలో తాళం వేసిన చెక్క పెట్టె. సింహపు నోళ్ళు అంటారు వీటిని, సింహం పోలిక లేనివి కూడా ఉన్నాయి. కింద రాసిన అక్షరాలు అల్లుడు ఫోన్లో పెట్టి చదివాడు. రాజద్రోహం గురించేమో అనుకుంటాం. కాదు. ఆదాయం ఉన్న పదవులూ మేళ్ళూ దాచేవాళ్ళ మీద, వాటి అసలు రాబడి కనపడకుండా కుమ్మక్కయ్యేవాళ్ళ మీద రహస్య ఫిర్యాదులు ఇందులో వెయ్యాలట. అంటే ఏ.సి.బి. పెట్టె.

బదిలీల కాలం వస్తే మా ఆఫీసుకీ ఆకాశరామన్న ఉత్తరాలు జోరుగా వచ్చేవి. ఎడమచేత్తో గీకిన అక్షరాలు, కావాలని చేసిన తప్పులు. అన్నీ మార్చినా అలవాటు మానలేక చివర్లో 'ఇట్లు తమ విధేయుడు' అని రాసి, పేరు దగ్గర గుర్తొచ్చి ఆగిపోయేవాళ్ళు. ఒకడైతే ఇంక్రిమెంటు సెక్షన్ గుమస్తా మీద రాస్తూ రూలు నంబరుతో సహా ఉటంకించాడు. ఆ రూలు ఆఫీసులో ఇద్దరికే తెలుసు, రెండోవాణ్ణి నేనే.

పేరు లేని అర్జీ మీద విచారణ వద్దని మన కేంద్ర విజిలెన్స్ కమిషన్ 1999లో ఉత్తర్వు ఇచ్చింది. వెనిస్ పదిమంది సభ 1387లోనే సంతకం లేని, ఆధారం లేని ఉత్తరాల్ని విచారించకుండా కాల్చెయ్యమంది. తర్వాత తర్వాత రాజ్యానికి ముప్పు అనే పేరుతో సందులు పెట్టుకున్నారు. మనవాళ్ళూ పెట్టుకుంటారు. అయినా ఊరంతా వేగులమయం అని టూరిస్టులకి చెప్పే కథల కంటే, ఆ కాల్చెయ్యమన్న ఉత్తర్వు నాకు ఎక్కువ నచ్చింది. అది రాసినవాడు తప్పకుండా ఏ బదిలీల కాలంలోనో విసిగిపోయిన గుమస్తాయే అయ్యుంటాడు.

బయట చౌకులో కాఫీ ధర చూసి కుర్చీలోంచి లేచిపోయాం. నేల మీద కూర్చుని తింటే జరిమానా. అమ్మాయి పొద్దున కలిపిన పులిహోర సంచిలో ఉండగా ఆకలితో జాత్తెరె గట్టు దాకా నడిచాం. దారిలో అల్లుడు అడిగాడు, "మన రాజులకి ఇలాంటివి లేవా మావయ్యగారూ?" అని. ఎందుకు లేవు బాబూ అన్నాను. సోరో ఇక్కడ లేఖలు విప్పుతున్న రోజుల్లోనే అక్కడ కృష్ణదేవరాయలు ఆముక్తమాల్యదలో వేగువాడు ఎలా ఉండాలో పద్యం రాశాడు. సొంత పట్టణం వాడై ఉండాలి, పలు భాషలు రావాలి, తోటి వేగుల్ని పోల్చుకోగలగాలి, ఆకారంలో కొట్టొచ్చే గుర్తులు ఉండకూడదు, అనుకున్నదానికంటే ఎక్కువ ముట్టజెప్పాలి. ఆ ఆఖరి మాట వెనిస్‌వాళ్ళు చదివుంటే కావాజ్జా అన్నదమ్ములు అమ్ముడుపోయేవారు కాదేమో.

ఇంకో సంగతి కూడా చెప్పాను, అల్లుడు నమ్మలేదు, ఫోన్లో చూసుకున్నాడు. తళ్ళికోటలో అళియ రామరాయల సొంత సేనానులు ఇద్దరు ఫిరాయించారని మనం చదువుకున్న కథకి ముఖ్యమైన ఆధారం ఒక వెనిస్ వర్తకుడు, చెసారె ఫెదెరిచి. వేగు కాదు, వ్యాపారి. యుద్ధం 1565లో. ఆయన విజయనగరం చేరింది 1567లో. ఏడు నెలలు ఉండి, విన్నది రాసుకుని, 1587లో వెనిస్‌లోనే అచ్చేశాడు. రెండేళ్ళు ఆలస్యంగా, పాడుబడ్డ ఊళ్ళో, పరాయి భాషలో విన్న మాట. నిజం కావచ్చు. కానీ మా ఆఫీసులో అయితే పక్కన పెన్సిల్‌తో 'సాక్షి ఎవరు?' అని రాసి వెనక్కి పంపేవాళ్ళం.

జాత్తెరె గట్టు మీద, నీళ్ళకి ఎదురుగా ఉన్న విజితాజియోనే చర్చి పక్క గోడకి ఇంకో సింహపు నోరు దొరికింది. దీనికి టికెట్టు లేదు, ఎవరూ పట్టించుకోవడం కూడా లేదు. ఇది ఆరోగ్య శాఖది: ఈ పేటలో శుభ్రత నియమాలు మీరేవాళ్ళ మీద ఫిర్యాదులు. ప్లేగుతో కాలిన ఊరు కదా, 1423లోనే రోగులకి విడిగా ఒక దీవి పెట్టినవాళ్ళు. అంతసేపూ కాళ్ళు నొప్పులంటూ దేన్నీ పట్టించుకోని మా ఆవిడ దీన్ని మాత్రం దగ్గరికెళ్ళి చూసింది.

"మన సందు చివర ఇలాంటిది ఒకటి పెట్టించకూడదూ? ఆ మూలింటావిడ రోజూ చెత్తంతా మన కాలవలోకే ఊడుస్తుంది" అంది.

"పెడితే పేరు రాస్తావా మరి? లేకపోతే కాల్చేస్తారు" అన్నాను.

"పేరూ రాస్తాను, ఇంటి నంబరూ రాస్తాను. సాక్షి సంతకం మీరు పెట్టండి" అని పులిహోర డబ్బా మూత తీసింది.