అబ్డామినల్ అసెస్‌మెంట్: నేను చదివిన పద్ధతి

నర్సింగ్ పరీక్షలకు సిద్ధమవుతున్న మిత్రులారా, నా ప్రిపరేషన్‌లో ఎక్కువ సమయం తీసుకున్న టాపిక్ ఇది, అంటే పేషెంట్ పొట్టను పరీక్షించడం. చివరికి నాకు బాగా నచ్చిందీ ఇదే. ప్రతి స్టెప్ పక్కన "ఎందుకు?" అని రాసుకునేదాన్ని. జవాబు నా సొంత మాటల్లో చెప్పగలిగాకే తర్వాతి పేజీ తిప్పేదాన్ని.

ముందు వరుస సంగతి. వేరే అవయవాలకైతే చూసి, తాకి, తట్టి, ఆఖరున వింటాం. పొట్టకు మాత్రం ఇన్‌స్పెక్షన్ (చూడటం) అవగానే ఆస్కల్టేషన్ (వినడం), ఆ తర్వాతే పర్కషన్ (తట్టడం), పాల్పేషన్ (తాకి నొక్కడం). ముందే తట్టినా నొక్కినా పేగుల కదలిక మారి, వినిపించే శబ్దాలూ మారిపోవచ్చు. ఇది అర్థమైతే ఆప్షన్లు ఎంత అటూ ఇటూ చేసి ఇచ్చినా టెన్షన్ ఉండదు.

బవెల్ సౌండ్స్ (పేగుల శబ్దాలు) మీద ఇంకాస్త ఎక్కువసేపు కూర్చోండి. స్టెతస్కోప్ డయాఫ్రమ్‌ను (చదునైన వైపును) ముందుగా పొట్ట కుడి కింది భాగంలో పెడతాం. చిన్నపేగు పెద్దపేగులో కలిసే చోట ఉండే ఇలియోసీకల్ వాల్వ్ అక్కడే ఉంటుంది, శబ్దాలు సాధారణంగా బాగా వినిపిస్తాయి. నిమిషానికి 5 నుంచి 30 వరకు నార్మల్. ఏమీ వినిపించకపోతే వెంటనే "లేవు" అని రాయకూడదు, పూర్తిగా 5 నిమిషాలు వినాలి. రైల్స్ ట్యూబ్‌కు (ముక్కు నుంచి కడుపులోకి వేసే గొట్టం) సక్షన్ నడుస్తుంటే వినేంతసేపు ఆపాలి, లేకపోతే ఆ చప్పుడునే పేగుల శబ్దం అనుకుంటాం.

మూత్రం పోసుకుని రమ్మనడం, వెల్లకిలా పడుకోబెట్టి మోకాళ్లు కాస్త మడిపించడం, చేతులు వెచ్చగా ఉంచుకోవడం మీకు తెలిసినవే. నొప్పి ఉన్న చోటును మాత్రం అన్నిటికంటే చివర తాకాలి. తాకుతున్నంతసేపూ పేషెంట్ ముఖం చూస్తూ ఉండాలి, నోటితో చెప్పని నొప్పి అక్కడ కనిపిస్తుంది. కొట్టుకుంటున్న గడ్డ కనిపిస్తే నొక్కవద్దు, వెంటనే డాక్టర్‌కు చెప్పాలి.

సైన్‌ల (జబ్బును పట్టించే గుర్తుల) పేర్లను బట్టీ పట్టకుండా స్నేహితురాలి పొట్టమీద చోట్లు చూపించుకుంటూ నేర్చుకున్నాను. ఎడమ కింద నొక్కితే కుడి కింద నొప్పి వస్తే రోవ్సింగ్, అపెండిసైటిస్ (అపెండిక్స్ వాపు) గుర్తు. కుడి పక్కటెముకల కింద చెయ్యి ఉంచి గాలి పీల్చమన్నప్పుడు నొప్పితో ఊపిరి ఆగిపోతే మర్ఫీ, పిత్తాశయం వాపు గుర్తు. ఇలా చేస్తూ పైకి చెబితే వైవాలో మాట తడబడదు.

కేర్ ప్రశ్నల్లో "ఏం చేయకూడదు" అన్నదే ఎక్కువ ముఖ్యమని నా అభిప్రాయం. అపెండిసైటిస్ అనుమానం ఉంటే ఎనీమా, విరేచనాల మందు, వేడి కాపడం మూడూ వద్దు. తీవ్రమైన నొప్పి ఉన్నట్టుండి తగ్గిపోతే సంతోషించకండి, అపెండిక్స్ పగిలి ఉండవచ్చు. పొట్ట చెక్కలా బిగుసుకుంటే పెరిటోనైటిస్‌ను (పొట్ట లోపలి పొర వాపును) అనుమానించాలి. ఆపరేషన్ కుట్లు విడిపోయి పేగులు బయటికొస్తే లోపలికి నెట్టకూడదు. స్టెరైల్ సెలైన్‌తో తడిపిన డ్రెస్సింగ్ కప్పి, మోకాళ్లు మడిచి పడుకోబెట్టి, నోటి ద్వారా ఏమీ ఇవ్వకుండా సర్జన్‌ను పిలిపించాలి. ఈ ఒక్క సందర్భాన్ని వరుసగా, గట్టిగా చెప్పుకుంటూ ప్రాక్టీస్ చేయండి. వార్డులో ఇది ఎదురైతే పుస్తకం తెరిచే సమయం ఉండదు.

ఎసైటిస్‌లో (పొట్టలో నీరు చేరినప్పుడు) పొట్ట చుట్టుకొలతను రోజూ ఒకే సమయానికి, ఒకే పొజిషన్‌లో, చర్మంమీద గుర్తు పెట్టిన చోటే కొలవాలి. రికార్డులో ఉత్తి "నార్మల్" అని రాయకుండా ఏం చూశారో, ఏం విన్నారో, ఎక్కడ నొప్పి అన్నారో రాయండి.