మైరావణుడు బ్యాంకాక్ గోడమీద

బ్యాంకాక్ అనగానే మనవైపు ట్రావెల్స్‌వాళ్ళు పట్టయా, కోరల్ ఐలాండ్, సఫారీ వరల్డ్ అంటూ ఏకరువు పెడతారు. గుళ్ళ మాట చివర్లో వస్తుంది, అదీ "ఒక్క పూటలో అయిపోతాయి మేడమ్" అన్న హామీతో. మా ఇంట్లో లెక్క వేరు. అత్తయ్యగారికి బీచిల మీద మోజు లేదు, మా ఆయనకి షాపింగంటే తలనొప్పి. అందుకని గుళ్ళూ రాజభవనాలూ మాత్రమే తిప్పే చిన్న గ్రూపు టూరు ఒకటి వెతికి పట్టుకున్నాం. ముందు బ్యాంకాక్, మర్నాడు అయుత్తయ. వ్యానులో మాతోపాటు ఒక ఆస్ట్రేలియా జంట, ఒక పంజాబీ కుటుంబం, ఒంటరిగా తిరుగుతున్న కొరియా కుర్రాడు. పెద్ద బస్సుల్లోంచి జనాన్ని దింపి, జెండా ఎత్తి పట్టుకుని పరుగులు పెట్టించే గైడ్లను రోజంతా చూశాక మా ఎంపిక మంచిదేననిపించింది. మా గైడు ముప్పై దాటని అమ్మాయి, మాటకారి. పొద్దున్నే వ్యానులో రెండు హెచ్చరికలు చేసింది. ప్యాలెస్ దగ్గర ఎవరైనా మర్యాదగా వచ్చి "ఈరోజు మూసేశారు, టుక్‌టుక్‌లో వేరే గుడికి తీసుకెళ్తాను" అంటే నమ్మొద్దు, ఆ బండి ఆగేది నగల కొట్టు ముందు. రెండోది, భుజాలు, మోకాళ్ళు కనపడకూడదు. అత్తయ్యగారిది చీర, నాది చుడీదార్, మాకు చింత లేదు. నిక్కరుతో వచ్చిన కొరియా కుర్రాడు మాత్రం గేటు ఎదుటే ఏనుగుల బొమ్మల ప్యాంటు కొనుక్కున్నాడు. అది ఎంత నచ్చిందో ఏమో, మర్నాడు కూడా దాంతోనే వచ్చాడు.

గ్రాండ్ ప్యాలెస్ ఉదయం ఎనిమిదిన్నరకి తెరుస్తారు. మేం వెళ్ళినప్పుడు విదేశీయులకి టిక్కెట్టు 500 భాట్లు. ఖరీదే, కానీ లోపల అడుగుపెట్టాక ఆ మాట మళ్ళీ గుర్తురాలేదు. 1782లో థాయ్ రాజు మొదటి రామా గద్దెనెక్కి, చావో ఫ్రాయా నదికి పడమటి ఒడ్డున ఉన్న థోన్‌బురి నుంచి రాజధానిని తూర్పు ఒడ్డుకి మార్చినప్పుడు మొదలైన కట్టడాలివి. అప్పటికి ఆ జాగాలో ఉంటున్న చైనా వర్తకులను సాంపెంగ్‌కి పంపించారు, ఇప్పటి చైనాటౌన్ అదే. బర్మావాళ్ళు తగలబెట్టిన పాత రాజధాని అయుత్తయ శిథిలాల నుంచి ఇటుకలు ఊడదీసి పడవల్లో తెచ్చి కొత్త నగరం గోడలు కట్టారట.

ప్యాలెస్ ఆవరణలోనే ఉంది వాట్ ఫ్రా కేవ్, మరకత బుద్ధుడి గుడి. లోపలికి వెళ్ళగానే బంగారు స్తూపం, దాని పక్కన అద్దం ముక్కలు పొదిగిన మండపం, ఎండ పడి కళ్ళు చెదిరిపోతున్నాయి. అందరూ ఫోన్లు అటు తిప్పారు. అత్తయ్యగారు మాత్రం గుమ్మం దగ్గర గద పట్టుకుని నిలబడ్డ ఆకుపచ్చ రాక్షసుడి ముందు ఆగిపోయారు.

"ఈయనెవరమ్మా?"

"తోత్సకాన్" అంది గైడు. దశకంఠుడే. పది తలలూ మనం వేసినట్టు అడ్డంగా పరచలేదు. అసలు మొహం ఒకటే పెద్దది, మిగతావన్నీ చిన్నచిన్న మొహాలుగా కిరీటంలో అంతస్తులు కట్టి పైకి పేర్చారు. కోరలు, గాజు పెంకులతో చేసిన కవచం, ముందుకు వంపు తిరిగిన పాదరక్షలు. ఇలాంటి యక్షులు పన్నెండుమంది ద్వారాల దగ్గర జతలు జతలుగా కాపలా. రావణుణ్ణి బుద్ధుడి గుడికి ద్వారపాలకుడిగా పెట్టడం మొదట వింతగా తోచింది. కాసేపు ఆలోచిస్తే, జయవిజయుల కథ విన్నవాళ్ళకి అంత వింతేమీ కాదు.

ఇక్కడే మా టూరుతో నా పేచీ. గుడి చుట్టూ నాలుగు వైపులా పొడవాటి వసారా. దాని గోడ నిండా రామాయణం, వాళ్ళ భాషలో రామకియెన్, 178 చిత్రాలుగా గీసి ఉంది. మొదటి రామా కాలంలో వేయించినవి. తడికి రంగు ఊడిపోతుంటే ప్రతి తరంలోనూ మళ్ళీ దిద్దుతూ వచ్చారు. టూరు ప్రోగ్రాంలో దీనికి ఇచ్చింది పది నిమిషాలు! అందరూ నీడకోసం వసారాలోకి వచ్చి, రెండు ఫొటోలు దిగి, మరకత బుద్ధుడి వైపు నడిచిపోతున్నారు. ఆస్ట్రేలియావాళ్ళకి కథ తెలియదు కాబట్టి వాళ్ళని అనడానికి లేదు. మనకి అలా కాదు కదా. నేను గైడుని బతిమాలి, మిగతావాళ్ళు టెక్స్‌టైల్ మ్యూజియం చూసే సమయాన్ని మాకు గోడకే కేటాయించమన్నాను.

ఉత్తరపు గోడ దగ్గర మొదలుపెట్టి గుడికి ప్రదక్షిణగా నడిస్తే కథ వరసలో వస్తుంది. మొదట్లోనే జనకుడికి సీత దొరకడం. అయితే ఆమె అక్కడ తోత్సకాన్, మండోదరుల కూతురు. జ్యోతిష్కుల మాట విని నీళ్ళలో వదిలేసిన పసిపాప. సీత రావణుడి కూతురేనన్న కథ మనవైపూ వినపడుతుంది గనక అత్తయ్యగారు దానికి తలాడించారు. హనుమంతుడి దగ్గరికి వచ్చేసరికి ఆవిడ కళ్ళజోడు సర్దుకున్నారు. ఆ గోడమీద హనుమంతుడు తెల్లటి వానరం, బ్రహ్మచారి కాడు. వారధి కడుతుంటే రాళ్ళు మాయమైపోతున్నాయి. సముద్రంలోకి దూకి చూస్తే, తండ్రి ఆజ్ఞ మీద రాళ్ళు పీకేస్తున్నది రావణుడి కూతురు సుపన్నమచ్చ, నడుం కింద చేప. వెంటపడ్డాడు, పట్టుకున్నాడు, ప్రేమలో పడ్డాడు. వాళ్ళకో కొడుకు కూడా.

"రామ రామ! ఆంజనేయస్వామికా?" అన్నారు అత్తయ్యగారు. గైడమ్మాయికి ఆ ఆశ్చర్యం అర్థం కాలేదు. థాయ్‌లాండులో హనుమంతుడంటే వీరుడు, చిలిపివాడు, ఆడవాళ్ళ మనసు దోచేవాడు, పిల్లలకి అందుకే అంత ఇష్టం అని చెప్పింది.

అక్కణ్ణుంచి ఇంకొంచెం ముందుకి వెళ్తే నోరు తెరిచిన బ్రహ్మాండమైన హనుమంతుడి బొమ్మ. ఆ నోట్లో ఒక మండపం, మండపంలో రాముడు నిద్రపోతున్నాడు. చుట్టూ కోతుల సైన్యం కాపలా. అత్తయ్యగారు ఒక్క నిమిషం చూసి, "ఇది మైరావణుడి కథే!" అన్నారు. ఆవిడ పుట్టిల్లు రేపల్లె దగ్గర పల్లెటూరు. చిన్నప్పుడు తోలుబొమ్మలాటలో తెల్లవార్లూ చూసిన కథ. మన దగ్గర హనుమంతుడు తోకని కోటగా చుట్టి రామలక్ష్మణులను లోపల పెట్టి కాపలా కాస్తాడు. మైరావణుడు విభీషణుడి వేషంలో వచ్చి లోపలికి దూరతాడు. ఇక్కడ తోకకి బదులు నోరు. వీళ్ళ మైయరాప్ వేగుచుక్క పొడిచినట్టు భ్రమ కల్పిస్తాడు. ఇక గండం గడిచిందని వానరులు ఆదమరుస్తారు. మత్తుపొడి ఊది అందరినీ నిద్రపుచ్చి రాముణ్ణి పాతాళానికి ఎత్తుకుపోతాడు. వెతుక్కుంటూ వెళ్ళిన హనుమంతుణ్ణి దారిలో అడ్డగించేది చేపతోక ఉన్న కోతి కుర్రాడు మచ్చాను, సుపన్నమచ్చకి పుట్టిన ఆ కొడుకే.

"మత్స్యవల్లభుడు!" అత్తయ్యగారి గొంతు వసారా అంతా వినపడింది. తర్వాత ఆవిడే గైడుకి కథ చెప్పడం మొదలుపెట్టారు. మన కథలో హనుమంతుడి చెమట బొట్టు సముద్రంలో పడితే చేప మింగి మత్స్యవల్లభుడు పుట్టాడు, అందుకని స్వామి బ్రహ్మచర్యానికి లోటు రాలేదు, మీవాళ్ళే ఏదో తేడా చేశారు అని. నేను ఇంగ్లీషులో అందిస్తున్నాను. ఆ అమ్మాయి పడీపడీ నవ్వింది, చెమట బొట్టు సంగతి రాసుకుంది కూడా. వాల్మీకిలో ఎక్కడా లేని ఈ కథ అటు బ్యాంకాక్ రాజుగారి గోడమీదా, ఇటు తోలుబొమ్మల తెరమీదా ఒకే చేపపిల్లవాడితో సహా ఉంది. ఏ పడవలో ఎవరు మోసుకెళ్ళారో మరి. నాకైతే ఆ బంగారు స్తూపాలకంటే ఇదే పెద్ద దృశ్యం. బొమ్మల్లో చిన్న చిన్న సరదాలు కూడా ఉన్నాయి. యుద్ధం ఒకవైపు జరుగుతుంటే కోట బయట జనం వాళ్ళ పనుల్లో వాళ్ళుంటారు. దేవుళ్ళకీ రాజులకీ బంగారు రేకు అద్దారు, మామూలు మనుషులకి రంగులు మాత్రమే.

ఆ తర్వాత మరకత బుద్ధుడు. పేరుకి మరకతమే గానీ విగ్రహం ఆకుపచ్చ జేడ్ రాయి. ఎత్తు 66 సెంటీమీటర్లు, అంతే. ఎత్తైన బంగారు పీఠం చివర ఉండటంతో మెడ సాచి చూడాలి. 1434లో చియాంగ్ రాయ్‌లో స్తూపం మీద పిడుగు పడి సున్నపు పూత వెనక ఈ విగ్రహం బయటపడిందని కథ. చేతులు మారుతూ లావోస్ చేరింది. అక్కడి వియంటియాన్ నుంచి 1779లో పట్టుకొచ్చిన సేనాపతే తర్వాత మొదటి రామా అయ్యాడు. ఎండాకాలం, వానాకాలం, చలికాలం, ఏడాదికి మూడుసార్లు స్వామి వస్త్రాలు మారుస్తారు, రాజుగారే స్వయంగా. మేం వెళ్ళింది డిసెంబరు, ఒంటినిండా బంగారు జాలీ శాలువా కప్పి ఉంది. లోపల ఫొటోలు నిషేధం, పాదాలు స్వామి వైపు చాపకూడదు. బయట నీళ్ళ తొట్టిలో తామరమొగ్గలు ముంచి జనం నెత్తిమీద చిలకరించుకుంటున్నారు. అత్తయ్యగారు రెండుసార్లు చల్లుకుని, మా ఆయన నెత్తిన ఇంకోసారి చల్లారు.

రాజభవనాల్లో మనని లోపలికి పెద్దగా పోనివ్వరు. చక్రీ మహాప్రాసాద్ మాత్రం బయటనుంచి చూసినా తమాషాగా ఉంది. అయిదో రామా కాలంలో ఆంగ్లేయ శిల్పితో కట్టించి 1882లో పూర్తిచేశారు. కింద అంతా యూరపు భవనం. పైన గుమ్మటాలు పెట్టబోయి, పెద్దల మాట విని థాయ్ శిఖరాలు పెట్టారు. దొరకి థాయ్ కిరీటం పెట్టారని ఊళ్ళో వెక్కిరిస్తారట.

భోజనానికి ఒక్క సలహా. వెజిటేరియన్ అంటే సరిపోదు. కూరల్లో చేపల సాస్ పడుతుంది, వాళ్ళ లెక్కలో అది మాంసం కాదు. "జే" అని చెప్పాలి. పసుపు జెండా మీద ఎర్రటి అక్షరం ఉన్న కొట్లలో ఆ భోజనం దొరుకుతుంది. ఉల్లి, వెల్లుల్లి కూడా ఉండవు కాబట్టి అత్తయ్యగారికి ఏకాదశి వంటలాగే అనిపించింది.

బ్యాంకాక్‌లోనే ఇంకో గుడి, వాట్ ఫోలో పడుకున్న బుద్ధుడు 46 మీటర్ల పొడవు, 15 మీటర్ల ఎత్తు. మూడో రామా 1832లో చేయించాడు. గది బుద్ధుడికి సరిగ్గా సరిపోయేలా ఉండటంతో మొత్తం రూపం ఎక్కణ్ణుంచీ ఒకేసారి కనపడదు. పాదాల దగ్గరికి వెళ్ళి చూడాలి. అరికాళ్ళలో ముత్యపుచిప్పతో పొదిగిన 108 శుభచిహ్నాలు. వెనకవైపు గోడ వెంట 108 కంచు గిన్నెలు, చిల్లర కొనుక్కుని ఒక్కోదాంట్లో ఒక్కోటి వేస్తూ పోవాలి. అత్తయ్యగారు "ఓం శ్రీరామాయ నమః, ఓం రామభద్రాయ నమః" అంటూ రామాష్టోత్తరం మొదలుపెట్టారు. చివరి గిన్నెకి చివరి నామం వచ్చేలా వేశారు. వెనక క్యూలో ఉన్న జనం ఓపిగ్గా ఆగారు.

పడవలో నది దాటి వాట్ అరుణ్‌కి వెళ్ళాం. సూర్యుడి సారథి అరుణుడి పేరు మీద వెలిసిన గుడి. గోపురం ఒంటినిండా చైనా పింగాణీ ముక్కలతో, గవ్వలతో చేసిన పువ్వులే. దగ్గరికెళ్ళి చూస్తే పగిలిన ప్లేటు అంచు మీద నీలం గీత ఇంకా కనిపిస్తుంది. మెట్లు నిట్టనిలువు, మోకాళ్ళ నొప్పులవాళ్ళు కింద ఉండటమే మేలు.

అయుత్తయ ఉత్తరాన ఎనభై కిలోమీటర్లు. పేరు మన అయోధ్య నుంచే. 14వ శతాబ్దం నడుమ వెలిసి, 1767లో బర్మా సేనల చేతిలో బూడిదైంది. హంపి చూసినవాళ్ళకి ఇక్కడ నడక తెలిసినట్టే ఉంటుంది. కాకపోతే అక్కడ రాయి, ఇక్కడ ఇటుక. సున్నం రాలిపోయి ఎర్రటి ఇటుకల మొండి గోపురాలు. వాట్ మహాథాట్‌లో తలలు లేని బుద్ధుళ్ళు వరసగా కూర్చుని ఉంటారు. కొన్ని యుద్ధంలో పోయాయి, చాలా తలలు పాత వస్తువుల వ్యాపారులకి అమ్మేవాళ్ళు కోసుకుపోయారు. ఒక తల మాత్రం చెట్టు వేళ్ళలో చిక్కుకుని ఉంది, అందరూ ఫొటోల్లో చూసేదే. అక్కడ ఫొటో దిగాలంటే మన తల బుద్ధుడి తలకంటే పైకి ఉండకూడదు, కింద కూర్చోవాలి. నిలబడ్డవాళ్ళని గార్డు ఈల వేసి కూర్చోబెడుతున్నాడు. పక్కనే ఉన్న వాట్ రాట్చబురణ గోపురం కింది గదిలోకి ఇరుకు మెట్లు దిగి చూడొచ్చు. 1957లో దొంగలు తవ్వి బంగారం దోచుకున్నది అక్కణ్ణుంచే, మిగిలింది ఊళ్ళో మ్యూజియంలో ఉంది. మా టూరులో ఆ మ్యూజియం లేదు, అదొక లోటు. నది ఒడ్డున వాట్ చైవత్తనారామ్‌లో శిథిలాలకంటే అద్దె పట్టుబట్టలు కట్టి ఫొటోలు దిగే ఆడపిల్లలే ఎక్కువ, ఏదో టీవీ సీరియల్ పుణ్యమట.

వెనక్కి వస్తూ ఆపిన బాంగ్ పా-ఇన్ వేసవి ప్యాలెస్ అందంగానే ఉంది. చెరువు మధ్య థాయ్ మండపం, ఇంకో చోట చైనా భవనం, మరో చోట యూరపు భవనం, గోల్ఫ్ బండ్లలో చుట్టేయడమే. 1880లో ఇక్కడికి వస్తూ పడవ తిరగబడి మునిగిపోయిన సునంద రాణికి అయిదో రామా పెట్టించిన పాలరాతి స్తంభం దగ్గర తప్ప నాకెక్కడా కాలు ఆగలేదు.

దిగేముందు వ్యానులో అభిప్రాయాల కాగితం ఇచ్చారు. బాంగ్ పా-ఇన్ తగ్గించండి, వసారాలో రామాయణానికి కనీసం గంట ఇవ్వండి, మ్యూజియం చేర్చండి అని రాశాను. అత్తయ్యగారు ఆ కాగితం తీసుకుని, గైడమ్మాయి బాగా చూసుకుందనీ, మత్స్యవల్లభుడి సంగతి మాత్రం ఇకమీదట వచ్చేవాళ్ళకి సరిగ్గా చెప్పమనీ తెలుగులో రెండు వాక్యాలు రాసి సంతకం పెట్టారు. ఆ అమ్మాయి నా చేత చదివించుకుని అర్థం చెప్పించుకుంది. రెండోదానికి మాత్రం ఒప్పుకోనంది.