అన్నయ్య మొక్కు, నా కాళ్లు

మొక్కుకున్నది అన్నయ్య, తిరిగింది నేను. వీసా ఇంటర్వ్యూకి ముందు చిలుకూరు బాలాజీ గుడికి వెళ్లి 11 ప్రదక్షిణలు చేసొచ్చాడు, వీసా వచ్చింది, టికెట్ చవగ్గా దొరికిందని నాలుగు రోజుల్లో ఫ్లైటెక్కేశాడు, పని అయ్యాక తిరగాల్సిన 108 మాత్రం బాకీ పెట్టి పోయాడు. మూడేళ్లయింది. అక్కడ వాడికి జలుబు చేసినా, కారుకి గీత పడినా ఇక్కడ అమ్మది ఒకటే మాట, "మొక్కు తీర్చలేదు కదా మరి". చివరికి, "ఒక కడుపున పుట్టారు, ఎవరు తిరిగితే ఏంటి, నువ్వు తిరుగు" అని తేల్చేసింది. శాస్త్రం ఒప్పుకుంటుందా అంటే "నాకు తెలుసులే" అంది.

ఇక్కడ ఏడుగట్ల గురించి చెప్పాలి. మెహదీపట్నంలో అద్దెకున్న రోజుల్లో అన్నయ్య లాంగ్ నోట్‌బుక్ నిండా ఒక లోకం కట్టాడు. ఏడు చెరువు గట్ల మధ్య రాజ్యం, దాని నడిమధ్య నేల కింద నీలంగా వెలిగే ఊట. ఆ లోకంలో నూనె లేకుండా దీపాలు వెలుగుతాయి, ఎద్దులు లేకుండా బండ్లు నడుస్తాయి, అంతా ఆ ఊట బలమే. కానీ వాడుకున్నప్పుడల్లా వేలెడు తగ్గిపోతుంది. మళ్లీ నిండాలంటే ఎవరో ఒకరు చెప్పుల్లేకుండా, అంకె పైకి చెబుతూ దాని చుట్టూ తిరగాలి. ఇంకోటి, ఊట నీళ్లు ఒక్కసారి తాగినవాడు ఏడో గట్టు దాటలేడు. అందరి కథల్లో మంత్రదండం ఊపితే సరిపోయేది, మావాడి లోకంలో శక్తికి కూడా నీళ్ల బిల్లులా లెక్క ఉండేది. నాకు అందులో కావలి ఉద్యోగం. అంటే డాబా మీద సిమెంటు ట్యాంకు చుట్టూ ఎండలో తిరిగేది నేను, నీడలో కూర్చుని రాసుకునేది వాడు.

ఆదివారం పొద్దున్నే మెహదీపట్నంలో బస్సెక్కాం. లంగర్‌హౌజ్, అప్పా జంక్షన్, ఆ తర్వాత చేవెళ్ల రోడ్డు మీద రెండు పక్కలా మర్రిచెట్లు మొదలవగానే అమ్మకి ఊపిరి ఆడినట్టయింది. ఆ దారిలోనే చెప్పింది, చిన్నప్పుడు నాన్న మమ్మల్ని గండిపేట తీసుకెళ్లి 1908 మూసీ వరద కథంతా చెప్పేవారట, ఆ వరద తర్వాతే విశ్వేశ్వరయ్య సలహాతో ఈ చెరువు కట్టారనీ, 1920లో పూర్తయిందనీ. నాకు వరద గుర్తులేదు గానీ చివర్లో నాన్న అనే మాట గుర్తుంది, "గండిపేట నీళ్లు తాగినవాడు హైదరాబాద్ వదలడు". సరిగ్గా అక్కడ నాకు బల్బు వెలిగింది. దొంగ వెధవ, ఏడో గట్టు సంగతి సొంతంగా పుట్టించానని ఎంత బిల్డప్ ఇచ్చేవాడు!

గుడి మీకు తెలిసిందే. హుండీ లేదు, టికెట్ లేదు. చేతిలో 108 గళ్ల కార్డు, ఒక పెన్ను, చుట్టూ జనం. మోకాళ్లు నొప్పులని అమ్మ కొబ్బరికాయ పెట్టుకుని ఓ పక్కన కూర్చుంది. మొదటి 20 భక్తితో చేశాను, 40 దాకా కోపంతో, ఆ తర్వాత ఏ ఆలోచనా లేదు, ముందు నడిచేవాళ్ల మడమలు చూసుకుంటూ పోవడమే. బండలు కాలుతున్నాయి. తిరుపతి వెళ్లలేకపోయిన భక్తుడికి స్వామి కలలో కనిపించడం, పుట్ట తవ్వితే గడ్డపార తగిలి నెత్తురు రావడం, ఆవుపాలు పోయించుకుని బయటపడటం, వెనక ఎవరో తాత మనవడికి చెప్పుకుంటూ వస్తున్నాడు. నేల కింద నుంచి పైకొచ్చే శక్తి, చుట్టూ తిరిగే జనం, లెక్క. ఇంకేం మిగిలింది అన్నయ్య సొంతం, నీలం రంగా?

అరవై దాటాక కార్డు చెమటకి తడిసి గీతలన్నీ అలుక్కుపోయాయి. 62 వేశానో 64 వేశానో తెలియట్లేదు. ఏడుపొచ్చింది, నిజంగా. పక్కకొచ్చి అమ్మ దగ్గరున్న ఫోన్ తీసి వాడికి మెసేజ్ పెట్టాను, "లెక్క తప్పింది, మళ్లీ మొదటికా?" అక్కడ అర్ధరాత్రి కావస్తోంది, అయినా వెంటనే వచ్చింది జవాబు: "రూల్ 4 మర్చిపోయావా".

మర్చిపోయాను. చిన్నప్పుడు ట్యాంకు చుట్టూ తిరుగుతూ లెక్క తప్పి నేను గోల చేస్తే, అమ్మ కొడుతుందనే భయంతో అప్పటికప్పుడు రాసిన రూలు. కావలి లెక్క తప్పితే, పక్కన నడిచేవాళ్లు చెప్పిన అంకె చెల్లుతుంది.

మళ్లీ గుంపులో కలిశాను. పక్కనే పసుపు చీరలో ఒక పెద్దావిడ, దాదాపు మొదటి నుంచీ నాతోనే నడుస్తోంది.

"అమ్మా, మీకు ఎన్నయ్యాయి?"

"అరవై ఒకటైనయ్ బిడ్డా. నీకు?"

"నాకూ అంతే" అన్నాను. ఒకటో మూడో నష్టం, పోనీ. అక్కడి నుంచి ఇద్దరం అంకె పైకి చెప్పుకుంటూ తిరిగాం. ఆమె కొడుక్కీ వీసానేనట, ఇంకా రాలేదు, కానీ 11కి బదులు ముందే 108 ఇచ్చేస్తోంది. అడ్వాన్సు అన్నమాట. దర్శనంలో "కళ్లు మూసుకోకు, చూడు" అని నన్ను మోచేత్తో పొడిచింది కూడా ఆమే.

తిరుగు ప్రయాణంలో బస్సు వద్దని గండిపేట మీదుగా ఆటో మాట్లాడాను. అన్నయ్య ఈ నీళ్లు తాగి పెరిగి కూడా గట్టు ఎలా దాటాడన్నది నాకు ఎప్పటి నుంచో అనుమానం. ఎయిర్‌పోర్టులో ఇంటి నుంచి తెచ్చిన వాటర్ బాటిల్ సెక్యూరిటీ దగ్గర పారబోయించారు కదా, అక్కడ తెగిందని నా థియరీ. అమ్మతో అంటే, "నీ మొహం, వాడు పదో తరగతి నుంచీ ఫిల్టర్ నీళ్లే తాగాడు" అంది.

చెరువు దగ్గర ఆటో ఆపించి ఫోటో తీసి వాడికి పంపాను. మార్చి నెల, నీళ్లు బాగా కిందికి ఉన్నాయి, ఒడ్డున మట్టి పగుళ్లు కనిపిస్తున్నాయి.

"నిండిందా?" అని అడిగాడు.

"వేలెడు" అని పెట్టాను.