గుగ్గిలం పొడి, గుడ్లగూబలు

నేను రాసుకుంటున్న అద్భుత కథలో కలలకు రూపమిచ్చే చెవిటి పనివాడి జీవితం ఊహకు అందనప్పుడల్లా గోయా గుర్తుకు వస్తాడు. 1792 చివర్లో మొదలైన జబ్బు ఆ స్పెయిన్ చిత్రకారుడి వినికిడిని హరించింది. 1799లో ఆయన 80 చిత్రాల సంపుటిని అచ్చువేసి, మాడ్రిడ్‌లో అత్తరులూ మద్యమూ అమ్మే దుకాణంలో (ఈ పొత్తు నాకు మహా ఇష్టం) అమ్మకానికి పెట్టాడు. 43వ ఫలకంలో బల్లపై తలవాల్చి నిద్రపోతున్న మనిషి వెనుక గుడ్లగూబలు, గబ్బిలాలు ముసురుకుంటాయి. రాగిరేకుపై గుగ్గిలం పొడి చల్లి, వేడిచేసి అంటించి, ఆమ్లంలో ముంచితే, ఆ ఆమ్లం రేణువుల సందుల్లో మాత్రమే లోహాన్ని తినేస్తుంది; అక్కడ సిరా నిలిచి, అచ్చువేసినప్పుడు ఆ చిత్రంలోని మసక చీకటి ఏర్పడుతుంది. అందుకే నా పనివాడి చేతిలోని మంత్రదండం తీసేసి, గుగ్గిలం సంచి పెట్టాను.