బీరువాలో ఒక అర

"రిజర్వేషన్ల మీద మంచి పుస్తకం ఒకటి చెప్పండి మ్యాడం" అని అడిగేవాళ్లు ప్రతి బ్యాచ్‌లోనూ ఉంటారు. చాలామందికి కావాల్సింది పుస్తకం కాదు, వాట్సాప్ గ్రూపులో ఎవరితోనో నడుస్తున్న గొడవకు ఒక జవాబు. అందులో తప్పేం లేదు. గొడవ కోసం తెరిచినా చదువు చదువే.

నేను అనంతపురంలో గ్రూప్-2కు తయారయ్యే పిల్లలకు పాలిటీ చెప్తాను. రాజ్యాంగంలో 14 నుంచి 18 దాకా ఆర్టికల్స్ వీళ్లను నిద్రలో లేపి అడిగినా చెప్తారు. చట్టం ముందు సమానత్వం, వివక్ష నిషేధం, ఉద్యోగాల్లో సమాన అవకాశం, అంటరానితనం రద్దు, బిరుదుల రద్దు. పరీక్షకు అంతే చాలు. మా క్లాసు రూంలో ఒక ఇనుప బీరువా ఉంది. దాన్నిండా గైడ్లు, పాత ప్రశ్నపత్రాలు. కింద అర మాత్రం నాది. అందులోవి నేను కొన్నవి, పాత స్టూడెంట్లు ఇచ్చిపోయినవి. బిట్టుగా రాని విషయాలన్నీ ఆ అరలో ఉన్నాయి.

ముందుగా పిల్లల చేతికిచ్చేది పుస్తకం కూడా కాదు, ఒక తీర్పు జిరాక్సు. చంపకం దొరైరాజన్ కేసు. అప్పట్లో మద్రాసు ప్రభుత్వం మెడికల్, ఇంజనీరింగ్ సీట్లను కమ్యూనల్ జీవో ప్రకారం, అంటే కులాలకూ మతాలకూ వాటాలు కట్టిన ఉత్తర్వు ప్రకారం పంచేది. ప్రతి 14 సీట్లలో బ్రాహ్మణేతర హిందువులకు 6, వెనకబడిన హిందువులకు 2, బ్రాహ్మణులకు 2, హరిజనులకు 2, ఆంగ్లో ఇండియన్లకూ భారతీయ క్రైస్తవులకూ కలిపి 1, ముస్లింలకు 1. ఈ లెక్కను బోర్డు మీద రాసి, "అప్పుడు మన అనంతపురం కూడా మద్రాసు రాష్ట్రమే" అంటాను. వెనక బెంచీలో ఫోన్ చూసుకునేవాళ్లు కూడా తలెత్తుతారు. ఎవరి వాటా ఎంతో లోపల లెక్కేసుకుంటున్నారని ముఖాలు చూస్తే తెలిసిపోతుంది.

కేసు వేసిన చంపకం బ్రాహ్మణ మహిళ. ఆమె అసలు మెడికల్ కాలేజీకి దరఖాస్తే పెట్టలేదు. విచారిస్తే సీటు రాదని తెలిసిందంటూ కోర్టుకు వెళ్లారు. ఆమె కేసుతో పాటే నడిచిన ఇంజనీరింగ్ సీటు కేసులో విద్యార్థి తరఫున వాదించింది రాజ్యాంగ ముసాయిదా కమిటీలో ఉన్న అల్లాడి కృష్ణస్వామి అయ్యర్. 1951 ఏప్రిల్ 9న సుప్రీంకోర్టు ఆ జీవోను కొట్టేసింది. జూన్ 18కల్లా మొదటి రాజ్యాంగ సవరణ వచ్చి, వెనకబడిన వర్గాలకు ప్రత్యేక ఏర్పాట్లు చేయడానికి వీలిచ్చే 15(4) చేరిపోయింది. గైడులో ఇదంతా ఒకటిన్నర లైను. జిరాక్సు చదివితే మాత్రం ప్రశ్నలు వస్తాయి. "దరఖాస్తే పెట్టకపోతే కేసు ఎట్ల నిలబడింది మ్యాడం?" అని ఒక పాప అడిగింది. గైడు చదివినవాళ్లెవరూ ఇంతవరకు ఆ ప్రశ్న అడగలేదు.

మెరిట్ మాట వస్తే అమర్త్య సేన్ 2009లో రాసిన 'ది ఐడియా ఆఫ్ జస్టిస్' నుంచి ఫ్లూట్ ఉదాహరణ చెప్తాను. పుస్తకమంతా మాకు అక్కర్లేదు, నిజం చెప్పాలంటే కొన్ని అధ్యాయాలు నన్నూ కునుకు తీయించాయి. ముగ్గురు పిల్లలు, ఒక ఫ్లూటు. ఒకరికి వాయించడం వచ్చు. ఒకరికి ఆడుకోవడానికి ఇంకే వస్తువూ లేదు. ఇంకొకరు దాన్ని సొంతంగా తయారుచేశారు. ఎవరికివ్వాలి? ముగ్గురి వాదనలోనూ బలం ఉంది, ఒక్కటే సరైన జవాబని తేల్చడం కుదరదు అంటాడు సేన్. మా క్లాసులో మాత్రం అరగంట తేల్చుకున్నారు. బీటెక్ చేసినవాళ్లు వాయించేవాళ్లకన్నారు. తయారుచేసినవాళ్లకే అని ధర్మవరం నుంచి వచ్చే నేతగాళ్ల అబ్బాయి ఒకడే పట్టుబట్టాడు. మగ్గం మీద కూర్చునేవాళ్లు తాము నేసిన పట్టుచీర కట్టుకునేది ఎప్పుడని అడిగాడు. అప్పుడు కిటికీ పక్క నుంచి ఒకడు, "వెదురు ఎవరి పొలంలోదప్పా?" అన్నాడు. సేన్ ఆ సంగతి రాయలేదు.

ఆ అరలో ఎక్కువగా నలిగింది అంబేద్కర్ 'కుల నిర్మూలన'. చిన్న పుస్తకం కావడం ఒక కారణం. రెండోది, అది ఇవ్వని ఉపన్యాసం. 1936లో లాహోర్‌లో కులాన్ని పోగొట్టాలని పనిచేసే జాత్-పాత్ తోడక్ మండల్ వాళ్లు ఆయన్ను అధ్యక్షుడిగా పిలిచారు. తీరా ప్రసంగం రాసి పంపితే కొన్ని మాటలు తీసేయమన్నారు. కామా కూడా మార్చనన్నాడాయన. సభ రద్దయింది. సొంత డబ్బుతో 1500 కాపీలు అచ్చేయించాడు. గాంధీ తన 'హరిజన్' పత్రికలో విమర్శిస్తే, ఆ విమర్శనూ దానికి తన జవాబునూ కలిపి మరుసటి ఏడే రెండో ముద్రణ తెచ్చాడు. ఎదుటివాడి మాటను కూడా పక్కనే అచ్చేసే పద్ధతి నాకు భలే నచ్చుతుంది. ఈ రోజుల్లో స్క్రీన్‌షాట్ తీసి, సగం కత్తిరించి పెడతాం.

కథలూ ఉన్నాయి. అందరూ వాడే చోట్ల కులం, మతం పేరుతో ఎవరినీ అడ్డుకోకూడదనే 15(2) చెప్పే రోజు కొలకలూరి ఇనాక్ కథ 'ఊరబావి' చదవమంటాను. ఆయన మన ఎస్కేయూలో, అదే అనంతపురం శ్రీకృష్ణదేవరాయ యూనివర్సిటీలో తెలుగు చెప్పినవారే. దుకాణాలు, హోటళ్లు, బావులు, చెరువులు, స్నానఘట్టాలు, రోడ్లు అని ఆర్టికల్‌లో జాబితా చదువుతుంటే మామూలుగా పోతుంది. కథ చదివి వచ్చాక ఆ జాబితాలో బావి దగ్గర క్లాసు ఆగుతుంది. మా జిల్లా రచయిత చిలుకూరి దేవపుత్ర నవల 'పంచమం' కూడా అరలో ఉండేది. తీసుకుపోయిన మహానుభావుడు ఇంకా తిరిగివ్వలేదు. కానిస్టేబుల్ అయ్యాడని విన్నాను, అడగడానికి కొంచెం భయంగా ఉంది.

15(2) జాబితాలో లేనిది ఒకటుంది, అద్దె ఇల్లు. నేను ఈ ఊరికొచ్చిన కొత్తలో సాయినగర్ నుంచి రాంనగర్ దాకా టూ-లెట్ బోర్డు కనబడిన ప్రతి గేటూ తట్టాను. ఒకచోట ఇల్లు నచ్చింది, అద్దె కుదిరింది, నీళ్లు ఎప్పుడెప్పుడు వస్తాయో కూడా ఆవిడ చెప్పింది. అడ్వాన్సు తీయబోతుంటే, "ఏమనుకోవద్దమ్మా, మీ ఇంటిపేరేమి?" అంది. చెప్పాను. అర్థం కాలేదేమో, "మీ సైడు నీసు తింటారా?" అంది. తర్వాత, "మా ఆయన్ను అడిగి ఫోన్ చేస్తా" అంది. నంబరు మాత్రం అడగలేదు.

ఆ ఇంటిపేరు ప్రశ్న ఎంత ఖరీదైందో లెక్క చూపించిన పరిశోధన ఒకటుంది. సుఖదేవ్ థోరట్, పాల్ అటివెల్ కలిసి 2007లో ప్రచురించారు. పత్రికల్లో పడిన ప్రైవేటు ఉద్యోగ ప్రకటనలకు ఒకే అర్హతలతో దరఖాస్తులు పంపారు, పేర్లు మాత్రం వేర్వేరు. పై కులపు హిందూ పేరుకు పిలుపు వచ్చే అవకాశాన్ని 1 అనుకుంటే దళిత పేరుకు 0.67, ముస్లిం పేరుకు 0.33. 'బ్లాక్డ్ బై కాస్ట్' అనే పుస్తకంలో ఇలాంటి పరిశోధనలు మరికొన్ని ఉన్నాయి. ఇంగ్లీషులోనే ఉంది, అక్కడే చిక్కు. మా పిల్లల్లో ముప్పాతిక మంది తెలుగు మీడియం. నేను పేజీలు తెలుగులో చెప్తూ పోతే ఎవరో ఒకరు నోట్సు రాస్తారు, మిగతావాళ్లు ఫొటో తీసుకుంటారు. అవకాశాల తేడా మీద చేసిన పరిశోధన కూడా అవకాశమున్నవాళ్ల భాషలోనే ఉందన్నమాట.

భాషను మించిన చిక్కు ఇప్పుడున్న బ్యాచ్‌లో ఒక అబ్బాయి తెచ్చాడు. రాప్తాడు వైపు నుంచి బస్సులో వస్తాడు. చూపు లేదు. ఫోన్‌లో తెర మీది అక్షరాలను చదివి వినిపించే టాక్‌బ్యాక్ పెట్టుకుని మాకంటే వేగంగా వార్తలు వింటాడు. 2016 నాటి దివ్యాంగుల హక్కుల చట్టం గురించి నేను చెప్పబోతే 4 శాతం ఉద్యోగాలు, 21 రకాల వైకల్యాలు అని తనే క్లాసు తీసుకున్నాడు. కింద అరలోవి తనకూ కావాలన్నాడు. తెలుగు పీడీఎఫ్‌లు వెతికి పంపాను. కొన్ని పేజీకి పేజీ స్కాన్ చేసిన బొమ్మలు, ఫోన్ నోరే తెరవదు. ఇంకొన్ని పాత అను ఫాంట్లలో కొట్టినవి. మన కంటికి చక్కటి తెలుగు. టాక్‌బ్యాక్‌కు మాత్రం పిచ్చి గుర్తులు. స్పీకర్ పెట్టి వినిపించాడు. "డాలర్, బ్రాకెట్, ఎస్, కామా..." అంటూ పోయింది. "సమానత్వం ఇట్ల ఉంటాదని తెల్లేదు మ్యాడం" అన్నాడు. క్లాసంతా నవ్వింది, వాడితో సహా.

చట్టం అడ్డేమీ లేదు. చూపు లేనివాళ్లకోసం వాళ్లు చదవగలిగే రూపంలోకి పుస్తకాన్ని మార్చుకోవడానికి 2012 సవరణతోనే కాపీరైట్ చట్టం 52వ సెక్షన్ వీలిచ్చింది. ఇదే పని మీద 2013లో కుదిరిన మరాకేష్ ఒప్పందాన్ని ప్రపంచంలో మొదట ఆమోదించిన దేశం మనదే, 2014లో. అయినా ఇప్పటికీ కొత్త తెలుగు పుస్తకాన్ని ఫోన్ చదవగలిగే యూనికోడ్ అక్షరాల్లో ఇస్తారా అని ప్రచురణకర్తను అడిగితే వింతగా చూస్తారు. అచ్చుకు పంపే ఫైలు కంప్యూటర్‌లో ఎలాగూ ఉంటుంది. దాన్ని చదవగలిగే రూపంలో ఇవ్వడానికి ఏం రోగమో నాకు అర్థం కాదు.

ఇప్పుడు పిల్లలే వంతులేసుకుని 'కుల నిర్మూలన' ఫోన్‌లో రికార్డు చేసి ఆ అబ్బాయికి పంపుతున్నారు. రూముల్లో ఫ్యాను చప్పుడు, కుక్కర్ విజిలు, పక్కింటి టీవీ అన్నీ అందులో పడుతున్నాయి. అవేవీ తనకు అభ్యంతరం కాదట. మొన్న క్లాసయ్యాక వచ్చి ఒక ఫిర్యాదు చేశాడు. గాంధీ విమర్శ ఉన్న భాగం చదివిన కుర్రాడు కావాలని ముక్కుతో సాగదీసి, వెటకారంగా చదివాడట. "ఆయప్ప మాట ఆయప్ప మాదిరి చదవల్ల కదా మ్యాడం. ఒప్పుకునేది లేనిది నేను చూసుకుంటా."

చదివినవాణ్ణి పిలిచి ఆ భాగం మామూలు గొంతుతో మళ్లీ రికార్డు చేయమన్నాను. ఆదివారం చేస్తానన్నాడు.