నిద్రలేని స్వామికి జోలపాట

మా అక్క మనవరాలి బారసాలలో ఒక చిన్న విషయం గమనించాను. పిల్లకి పేరు పెట్టి పావుగంట కూడా కాలేదు. తొట్టెలో వేశారు, చుట్టూ ముత్తైదువులు చేరి ‘జో అచ్యుతానంద’ అందుకున్నారు. అచ్యుతుడు, ముకుందుడు, రాముడు, గోవిందుడు... పాట నిండా ఆయన పేర్లే. అంత ఆలోచించి పెట్టిన పిల్ల పేరు ఒక్కసారీ రాలేదు. పిల్లకి అదేం పట్టలేదనుకోండి, గుక్కపట్టి ఏడుస్తూనే ఉంది. మా పెద్దమ్మ మాత్రం, “తొట్టెలో పడుకున్నది ఎవరైనా పాట ఆయనకే కదే” అంది.

ఇంట్లో పసిపిల్లని దేవుడిగా చూసి పాడతాం. తిరుమలలో దేవుణ్ణి పసివాడిగా చూసి పాడతారు. రోజంతా జరిగే సేవల్లో ఆఖరిది ఏకాంత సేవ. అప్పుడు శయన మండపంలో బంగారు మంచం మీద పవళించేది భోగ శ్రీనివాసుడు. చిన్న వెండి మూర్తి. పల్లవ రాణి సామవై క్రీ.శ. 966లో సమర్పించిందని శాసనం చెబుతోంది. ధనుర్మాసంలో మాత్రం ఆ పాన్పు కృష్ణుడిది. పాలు, పళ్లు నైవేద్యం పెడతారు. అన్నమయ్య వంశమైన తాళ్లపాకవారు లాలి పాడతారు. తరిగొండ వెంగమాంబ పేరుతో ముత్యాల హారతి ఇస్తారు. అందుకే ‘తాళ్లపాకవారి లాలి, తరిగొండవారి హారతి’ అనే మాట పుట్టింది. భర్త పోయాక ఊరి కట్టుబాట్లకు తలవంచకుండా కొండెక్కిన మనిషి వెంగమాంబ. రోజులో ఆఖరి వెలుగు ఆమె పేరున స్వామికి అందుతుంది. ఆ సంగతి తలుచుకున్నప్పుడల్లా నాకు గొంతు పట్టేస్తుంది.

ఇక్కడ మనసు ఆగే చోటు ఇంకొకటి ఉంది. గర్భగుడిలోని మూలవిరాట్టును ఆగమ భాషలో ధ్రువబేరం అంటారు. ధ్రువం అంటేనే కదలనిది. మనం చూసే ఆ పెద్ద స్వామి పడుకోడు, కూర్చోడు. ఎప్పుడూ నిలబడే ఉంటాడు. ఆయన బదులు చిన్న మూర్తి పడుకుంటాడు. ఇద్దరినీ కలుపుతూ సంబంధ కూర్చం అనే పవిత్ర బంధం ఉంటుంది. అంటే జోల వింటూ నిద్రపోయేవాడూ, ఎదురుగా నిలబడి మేలుకుని ఉండేవాడూ ఒక్కరే. ఇంట్లో అందరూ పడుకున్నాక కూడా వాకిలి వైపు చెవి వేసి ఉండే అమ్మ గుర్తొస్తుంది నాకు. కళ్లు మూసుకునే ఉంటుంది, పిల్ల కదిలితే చాలు చెయ్యి దానంతటదే తొట్టె మీదికి వెళ్తుంది.

ఇక అన్నమయ్య చెప్పిన ఆ ‘జో అచ్యుతానంద’ పాట సంగతి. అన్నమయ్య 1408 నుంచి 1503 వరకు జీవించిన మనిషి, వేల సంకీర్తనలు చెప్పినవాడు. ఈ జోలలో మాత్రం ఆయన పక్కింటి అమ్మలా మాట్లాడతాడు. మన్మథుణ్ణే కన్న తండ్రిని పట్టుకుని ‘మా యన్న ఇటు రారా’ అంటాడు. బంగారు గిన్నెలో పాలు పోస్తామని ఆశ పెడతాడు. నిన్ను దొంగ అంటున్నారురా అని కూడా చెప్పేస్తాడు. పగలంతా చేతులు జోడించి ‘స్వామీ’ అన్న నోటితోనే ‘రారా’ అనడానికి ఎంత చనువు కావాలి! ఆ చనువు పండితుడికి రాదు, ఒడిలో బిడ్డను ఆడించిన గొంతుకే వస్తుంది. అన్నమయ్య ఆ గొంతు అరువు తెచ్చుకున్నాడు. ఇవాళ్టికీ ఏకాంత సేవలో లాలి పాడే తాళ్లపాకవారు, మగవాళ్లయి ఉండీ, తల్లి స్థానంలో నిలబడే పాడుతున్నారు.

జోలపాటకు ఉన్న ఇంకో గుణం నాకు ఈ మధ్యే తట్టింది. అందులో అడగడం ఉండదు. ఈ పాట చివరి చరణంలో సంపదల మాట ఒకటి వస్తుంది కానీ, అది మంగళం పాడేటప్పటి దీవెనలాంటిదనే అనుకుంటాను. క్యూలో గంటలు గంటలు నిలబడి, ఆయన ముందు గడిపే ఆ రెండు మూడు క్షణాల్లో పెళ్లి, ఉద్యోగం, వీసా, ఆపరేషన్ అన్నీ చెప్పేస్తాం. నేనూ అంతే, మినహాయింపేం లేదు. వేల మంది కోరికలు విన్న చెవుల దగ్గర, రాత్రి పొద్దుపోయాక, ‘ఇక పడుకో నాయనా’ అని ఒకరు పాడతారు. అదీ ఎంతసేపని? రద్దీ రోజుల్లో ఏకాంత సేవ అయ్యేసరికి అర్ధరాత్రి దాటిపోతుంది. తెల్లవారుజామున మూడు గంటల ప్రాంతానికి మళ్లీ సుప్రభాతం.

మా నాయనమ్మకు ఇవేమీ తెలియవు. రాత్రి దేవుడి గూటికి తెర వేస్తూ, చేతి వేళ్లంత ఉన్న ఇత్తడి బాలకృష్ణుడి మీద రవికెల గుడ్డ ముక్క ఒకటి కప్పేది. చలికాలం రెండు కప్పేది. “పడుకో గోపాలయ్యా, నాకూ నడుం నొప్పిగా ఉంది” అనేది, అంతే. ఆ బొమ్మ ఇప్పుడు మా ఇంట్లో ఉంది.

మొన్న రాత్రి నేనే తెర వేస్తున్నాను. మర్నాడు ఆఫీసులో ఒక మీటింగు, దాని టెన్షన్ పొద్దుట్నుంచీ నమిలేస్తోంది. గుడ్డ కప్పుతుంటే ఆ మీటింగు మాట నోటిదాకా వచ్చింది. రేపు పొద్దున చెప్పుకుందాంలే అనుకుని, వచ్చిన రెండు చరణాలు చిన్నగా పాడి లైటు ఆపేశాను.