నా బస్ పాస్ నేనే సాధించుకున్నా

నిన్న సాయంత్రం పాస్ చేతికొచ్చింది. కోపం చల్లారకముందే రాస్తున్నా. ఊళ్ల నుంచి ఒంటరిగా హైదరాబాద్ వచ్చే తమ్ముళ్లకు పనికొస్తుంది.

మాది జగిత్యాల దగ్గర పల్లె. నాన్న దుబాయ్‌లో ఉంటాడు, అమ్మ బీడీలు చుడుతుంది. ఇంటర్ అయ్యాక డిగ్రీకి ఒక్కణ్ణే బయల్దేరా. జేబీఎస్ (జూబ్లీ బస్ స్టేషన్)లో మెట్రో ఎక్కి, ఎంజీబీఎస్ (మహాత్మాగాంధీ బస్ స్టేషన్)లో ఎల్‌బీ నగర్ రైలు మారి, దిల్‌సుఖ్‌నగర్‌లో దిగా. హాస్టల్ ఆ రోజే దొరికింది. అడ్వాన్స్‌కు మాత్రం రసీదు రాయించుకోండి. ఖాళీ చేసేనాడు మెయింటెనెన్స్ అని కోత పెడతారు.

ఆడపిల్లలకు 2023 డిసెంబర్ నుంచి సిటీ బస్సు ఉచితం. మాకు పాసే దిక్కు. ఆర్టీసీ సైట్‌లో దరఖాస్తు కాసేపట్లో అయిపోతుంది. తర్వాత కాలేజీ వాళ్లు ఆన్‌లైన్‌లో ఓకే చెయ్యాలి. నన్ను అక్కడే ఏడిపించారు.

"ఫీజు కట్టినవా?" అన్నాడు ఆఫీసులో క్లర్క్.

రీయింబర్స్‌మెంట్ సార్, అన్నా.

"సర్కారు పైసలు ఎప్పుడొస్తయో ఏమో. ముందు నువ్వు కట్టు, పాస్ తర్వాత చూద్దాం. మీ నాయనను తీస్కరా పో."

నాన్న దుబాయ్‌లో ఉన్నాడని చెప్పా. "దుబాయ్ పైసలుండంగ నీకు పాసెందుకురా?" అని గట్టిగా నవ్వాడు. లైన్లో ఉన్నవాళ్లంతా విన్నారు. నాకు కళ్లలో నీళ్లు తిరిగాయి. గల్ఫ్ పోవడానికి చేసిన అప్పు మిత్తికే నాన్న పంపేది సరిపోతుంది. ఆ సంగతి నలుగురిలో నేనెందుకు చెప్పుకోవాలి? ప్రభుత్వం కాలేజీకి బాకీ పడితే పిల్లాడి బస్సు పాస్ ఆపుతారా? ఎవరి మీది కోపం ఎవరి మీద?

మర్నాడూ అదే మాట, ఆ తర్వాతా అదే. మెస్ డబ్బులు ఆటోలకే పోతున్నాయి. ఇంట్లో చెబితే అమ్మ బాధపడుతుందని చెప్పలేదు. తెల్లకాగితం తీసుకుని ప్రిన్సిపాల్ మేడంకు రాశా: అడ్మిషన్ నంబర్, పాస్ దరఖాస్తు నంబర్ వేసి, "ఫీజు బాకీకి పాస్ ఆపాలన్న రూలు ఉంటే దయచేసి రాసివ్వండి" అని. ఆమె చదివి క్లర్క్‌ను పిలిచారు, తన ముందే ఓకే చేయించారు. మా ఊళ్లో పెద్దవాళ్లు కూడా ఆఫీసర్‌కు అలా రాసివ్వరు. నేను రాశా.

ఆఫీసుల్లో నోటిమాటతో అడిగితే తిప్పుతూనే ఉంటారు. రాసివ్వండి, ఇంకో కాపీ మీద స్టాంపు కొట్టించుకోండి. కాలేజీ ఓకే పడకుండా పాస్ కౌంటర్‌కు పోవద్దు, వెనక్కి పంపేస్తారు. ఓకే పడ్డాక డబ్బు కట్టి కార్డు తీసుకోవడమే. నెలనెలా రెన్యువల్ ఉంటుంది, చివరి రోజు దాకా ఆగకండి.